తామర అంటే పువ్వా, పురుగా, ఒంటి మీద మచ్చా?

ఇవాళ్టి ఎపిసోడ్ మొత్తం ఒకే ఒక్క మాట గురించి. తామర.

ఇప్పుడు ఈ వీడియో చూస్తున్న ఫోన్‌లోనే ఒక పని చేయండి. సెర్చ్‌లో తెలుగులో తామర అని కొట్టండి. ముందు చెరువులో పువ్వు వస్తుంది. కొంచెం కిందికి పోతే మిరప చేను వస్తుంది. ఇంకొంచెం కిందికి పోతే ఎవరిదో తొడ మీద గుండ్రటి ఎర్ర మచ్చ. ఇంకా పోతే "ఎగ్జిమా అంటే తామర" అంటూ చిన్నపిల్లల బుగ్గ మీద పొడిబారిన చర్మం. నాలుగూ తామరే!

పువ్వుకీ పురుగుకీ మధ్య కన్ఫ్యూజన్ వస్తే పెద్ద నష్టం లేదు, నవ్వుకుని వదిలేస్తాం. చివరి రెండింటి మధ్య వస్తే మాత్రం మన చర్మం మీదికొస్తుంది. ఎందుకంటే ఒకదాన్ని తగ్గించే మందే రెండోదాన్ని పెంచుతుంది.

మేముండేది వరంగల్ మట్టెవాడలో. ఎంజీఎం ఆసుపత్రి దగ్గర్లోనే. ఇటువైపు మెడికల్ షాపులకు కరువు లేదు. సాయంత్రం పూట ఏ షాపు ముందైనా పది నిమిషాలు నిలబడితే ఈ మాటలు వినిపిస్తయి. ఇరవై, ఇరవై రెండేళ్ల పిల్లగాడు వస్తాడు. పక్కన ఆడవాళ్లుంటే వాళ్లు పోయేదాకా ఆగుతాడు. తర్వాత మెల్లగా, "అన్నా, తామర లేచింది. గట్టి ట్యూబ్ ఇయ్యి." అన్న కూడా ఎక్కడ, ఎప్పటి నుంచి అని అడగడు. "ఇది పెట్టు తమ్మీ, మూడు దినాలల్ల పోతది." నిజంగానే మూడు రోజుల్లో దురద పోతది. కథ అక్కడే మొదలవుతది.

ఆ కథలోకి పోయే ముందు మాట సంగతి చూద్దాం.

తామర అంటే మొదట పువ్వు. ఇది మనకొక్కరికే కాదు, తమిళంలో తామరై, మలయాళంలో తామర, కన్నడలో తావరె. మన వరంగల్ కోట కీర్తితోరణాల మీద చూడండి, రాతిలో తామర మొగ్గలు చెక్కి ఉంటయి. చెరువులో ఒక్క దుంప పడితే చాలు, బురదలో వేర్లు పాకుకుంటూ పోయి కొన్నాళ్లకి చెరువంతా ఆకులే. అందుకే తామరతంపర అనే మాట వచ్చింది. పెద్దవాళ్లు దీవించేటప్పుడు "మీ వంశం తామరతంపరగా వర్ధిల్లాలి" అంటరు. అంటే ఆగకుండా పాకాలని.

ఇప్పుడు రోగం చూడండి. ఒంటి మీద ఒక చిన్న చుక్కలా మొదలై గుండ్రంగా పెరుగుతుంది, అంచు పాకుతూ పోతుంది. తమిళంలో ఈ రోగాన్ని పడర్‌తామరై అంటారు. పడర్ అంటే పాకడం. పాకే తామర అన్నమాట. మనం ముందున్న ఆ విశేషణాన్ని వదిలేసి ఉత్త తామర అంటాం. పువ్వులాంటి గుండ్రటి ఆకారం, చెరువంతా పాకే గుణం, ఈ రెండూ చూసే మనవాళ్లు ఆ పేరు పెట్టి ఉంటారని నాకనిపిస్తుంది. ఇంత అందమైన పేరున్న రోగం ఇంకోటి ఉందో లేదో!

మూడో తామర రైతు ఇళ్లల్లో పుట్టినవాళ్లకి బాగా తెలుసు. తామర పురుగు. మిల్లీమీటరు, రెండు మిల్లీమీటర్ల పురుగు, ఆకుని గీకి రసం పీలుస్తుంది, ఆకు పడవలాగా పైకి ముడుచుకుంటుంది. 2021-22 సీజన్‌లో నల్ల తామర పురుగు వచ్చి మన వరంగల్, మహబూబాబాద్, ఖమ్మం నుంచి అటు గుంటూరు దాకా మిర్చి రైతుని ముంచేసింది. అది ఆకుతో ఆగలేదు, పువ్వులోకి దూరింది. పూత రాలితే కాయెక్కడిది? ఎనుమాముల మార్కెట్‌కి మిర్చి తెచ్చే ఏ రైతునైనా తామర అని అడిగి చూడండి, పువ్వు సంగతీ చెప్పడు, చర్మం సంగతీ చెప్పడు.

ఇక్కడో తమాషా ఉంది. ఒంటి మీది తామరని ఇంగ్లీషులో రింగ్‌వార్మ్ అంటారు. రింగు పురుగు! డాక్టర్లు చీటీ మీద రాసే టీనియా అనే లాటిన్ మాటకి కూడా పాత అర్థం బట్టలు కొరికే పురుగు. కానీ ఈ రోగంలో పురుగు లేదు. పురుగున్న తామర మిరప చేలో ఉంది, ఒంటి మీది తామరలో ఉన్నది ఫంగస్. మన చర్మం పైపొర, వెంట్రుక, గోరు, ఈ మూడింట్లో ఉండే కెరటిన్ అనే పదార్థాన్ని తిని బతికే ఫంగస్. చెమట పట్టే చోటు, గాలాడని చోటు దానికి ఇష్టం. అందుకే తొడ సందులు, నడుం చుట్టూ, చంకలు, రొమ్ముల కింద వస్తుంది. బిగుతు జీన్స్ వేసుకుని ఎండలో రోజంతా బండి మీద తిరిగేవాళ్లకి నేను వేరే చెప్పాల్సిన పనిలేదు.

గుర్తు పట్టడం ఎట్లా? అసలు తామరకి అంచు ఉంటుంది. అంచు ఎర్రగా, కాస్త లేచి, పొట్టు రాలుతూ ఉంటుంది. మధ్యలో మాత్రం చర్మం మామూలుగా అయిపోతూ వస్తుంది. గాజు ఒంటి మీద పెట్టి ఒత్తినట్టు. దురద గట్టిగా ఉంటుంది, చెమట పడితే ఇంకా ఎక్కువ. ఒకరి నుంచి ఇంకొకరికి అంటుకుంటుంది.

ఎగ్జిమా అది కాదు. ఎగ్జిమా అనే గ్రీకు మాటకి ఉడికి పైకి పొంగడం అని అర్థం. అది ఫంగస్ కాదు, మన చర్మమే అతిగా రియాక్ట్ అయి మంటెత్తడం. చర్మం పొడిబారుతుంది, ఎర్రబడుతుంది, కొన్నిసార్లు నీరు కారుతుంది, గోకి గోకి దళసరి అవుతుంది. అంచు అంత స్పష్టంగా ఉండదు. పిల్లల్లో బుగ్గల మీద, మోచేతి మడతల్లో, మోకాలి వెనక ఎక్కువగా కనిపిస్తుంది. ఎవరికీ అంటుకోదు. కానీ తెలుగులో దాన్నీ తామరే అంటున్నాం. ఇంటర్నెట్‌లో అనువాదం చేసిన ఆరోగ్యం పేజీల్లో ఎగ్జిమా అని ఉన్నచోటల్లా తామర అని పెట్టేస్తున్నారు, వీడియో థంబ్‌నెయిల్స్ మీద అదే మాట.

మన పాత వైద్యం వాళ్లకి ఈ గందరగోళం లేదు. ఆయుర్వేద గ్రంథాల్లో దద్రువు వేరు, విచర్చిక వేరు. దద్రువు అంటే ఇప్పటి రింగ్‌వార్మ్‌కి దగ్గర, హిందీలో దాద్ అనేది ఆ మాటే. విచర్చికని ఎగ్జిమాకి దగ్గరగా చెప్తారు. అయితే ఆ రెండింటినీ కలిపి కుష్ఠం అనే పెద్ద తలకాయ కింద 18 రకాల్లో పెట్టారు. అప్పట్లో కుష్ఠం అంటే చర్మరోగాలన్నిటికీ కలిపి ఒక పేరు. ఇప్పుడు అదే మాట ఒక్క లెప్రసీకే పోయింది. అక్కడ పెద్ద అర్థం చిన్నదైంది, తామర విషయంలో చిన్న అర్థం పెద్దదైంది.

సరే, షాపు దగ్గరికి మళ్లీ వద్దాం. ఆ "గట్టి ట్యూబ్"లో ఏముంటుంది? చాలాసార్లు మూడు నాలుగు మందులు ఒకే ట్యూబులో కలిపి ఉంటయి. ఒక ఫంగస్ మందు, ఒకటో రెండో యాంటీబయాటిక్‌లు, వాటితో పాటు ఒక స్టెరాయిడ్. మూడు రోజుల్లో దురద తగ్గించే మ్యాజిక్ ఈ స్టెరాయిడ్‌దే. స్టెరాయిడ్ ఫంగస్‌ని చంపదు. ఫంగస్ మీద మన ఒళ్లు చేసే యుద్ధాన్ని ఆపుతుంది. ఎరుపు, దురద, మంట, ఇవన్నీ ఆ యుద్ధం గుర్తులు. యుద్ధం ఆగిపోతే మనకి హాయి, ఫంగస్‌కి ఇంకా హాయి. ట్యూబ్ ఆపిన వారం పది రోజులకి మచ్చ మళ్లీ వస్తుంది, ఈసారి ఇంకా పెద్దగా. రింగు లోపల ఇంకో రింగు కూడా వస్తుంది. లేదంటే అంచు చెరిగిపోయి, తామర అని డాక్టర్ కూడా ఒక్క చూపులో పట్టలేనట్టు తయారవుతుంది. దీనికి వైద్యంలో టీనియా ఇన్‌కాగ్నిటో అని పేరే ఉంది. వేషం మార్చిన తామర అనుకోండి.

నెలల తరబడి రాస్తే చర్మం పలచబడుతుంది. తొడ సందుల్లో గర్భిణుల పొట్ట మీద వచ్చేలాంటి చారలు పడతయి, అవి పూర్తిగా పోవు. ముఖం మీద రాస్తే ఎరుపు, మొటిమలు, సన్నటి రక్తనాళాలు బయటికి కనపడటం. ఇరవై ఏళ్లకే ఇదంతా ఎందుకు చెప్పండి?

దీంట్లో గవర్నమెంట్ ఏం చేయలేదా అంటే, చేసింది. 2018లో స్టెరాయిడ్ క్రీములను షెడ్యూల్ హెచ్‌లోకి తెచ్చారు. అంటే డాక్టర్ చీటీ లేకుండా అమ్మకూడదు. అదే ఏడాది సెప్టెంబరులో 328 కాంబినేషన్ మందులను నిషేధించారు, వాటిలో ఇలాంటి కొన్ని క్రీములు కూడా ఉన్నాయి. కాగితం మీద రూల్ ఉంది, కౌంటర్ దగ్గర "గట్టి ట్యూబ్" కూడా ఉంది.

ఇంకోటి వినండి. మన దగ్గర ఈ ఫంగస్ మొండిగా మారింది. 2020లో జపాన్ పరిశోధకులు ఒక కొత్త రకానికి పేరు పెట్టారు, ట్రైకోఫైటాన్ ఇండోటీనియే అని. వాళ్లకది దొరికింది అక్కడ ఉంటున్న ఒక ఇండియన్, ఒక నేపాలీ ఒంటి మీద నుంచి. టెర్బినాఫిన్ అని తామరకి బాగా వాడే మాత్ర ఉంది, అది దీని మీద చాలాసార్లు పనిచేయదు. పేరులోనే ఇండో. మనకి వద్దనుకున్న గుర్తింపు. స్టెరాయిడ్ కలిసిన క్రీములు ఇష్టం వచ్చినట్టు వాడటం దీనికి ఒక కారణమని చర్మం డాక్టర్లు ఎప్పటి నుంచో అంటున్నారు.

ఇక్కడ ఒక్క మాట, తప్పుగా అర్థం చేసుకోకండి. స్టెరాయిడ్ క్రీమ్ విలన్ కాదు. ఎగ్జిమాకి అదే అసలు మందు. డాక్టర్ చెప్పిన పవర్, చెప్పిన రోజులు, చెప్పిన చోట వాడితే బాగా పనిచేస్తుంది. ఎగ్జిమా ఉన్న పాప తల్లి ఈ వీడియో చూసి క్రీమ్ ఆపేయొద్దు. నా గొడవంతా మాట గురించే. "తామరకి ఈ ట్యూబ్ సూపర్" అని ఒక అక్క చెప్తుంది. ఆమెకి ఉన్నది ఎగ్జిమా, నిజంగానే తగ్గింది, అబద్ధం చెప్పట్లేదు. మీకున్నది ఫంగస్. ఇద్దరి నోట్లో ఉన్న మాట మాత్రం ఒకటే.

అందుకే షాపు దగ్గరైనా, డాక్టర్ దగ్గరైనా పేరుతో మొదలుపెట్టకండి. కనిపించేది చెప్పండి. ఎక్కడుంది, ఎన్ని రోజులైంది, గుండ్రంగా అంచు ఉందా, ఇంట్లో ఇంకెవరికైనా ఉందా, ఇప్పటిదాకా ఏ ట్యూబులు రాశారు. చివరిది చాలా ముఖ్యం, పాత ట్యూబులు పారేయకుండా జేబులో వేసుకుని పోండి. ట్యూబు వెనక సన్న అక్షరాల్లో క్లోబెటసాల్, బీటామెథసోన్, మొమెటసోన్, బెక్లోమెథసోన్, ఫ్లూసినోలోన్, వీటిలో ఏదైనా ఉంటే అందులో స్టెరాయిడ్ ఉన్నట్టే. ఫోన్‌లో ఫొటో తీసి జూమ్ చేసి చదవండి, కళ్లతో చదవడం కష్టం.

ఎంజీఎంలాంటి పెద్ద సర్కారు ఆసుపత్రిలో చర్మవ్యాధుల ఓపీ ఉంటుంది. అక్కడ డౌట్ వస్తే మచ్చ అంచు దగ్గర పొట్టు కొంచెం గీకి, పొటాషియం హైడ్రాక్సైడ్ చుక్క వేసి మైక్రోస్కోప్ కింద చూస్తారు. ఫంగస్ ఉంటే దారాల్లాగా కనిపిస్తుంది. సూది లేదు, నొప్పి లేదు. సిగ్గుపడే చోట ఉందని ఆగకండి. ఆ డాక్టర్లు రోజూ చూసేది అదే.

ఇంకో చిన్న విషయం, కానీ సీరియస్. మచ్చ ఉండి దురద లేకుండా, పైగా ముట్టుకుంటే స్పర్శ తెలియకపోతే తామర అనుకుని ట్యూబ్ రాయకండి. అది లెప్రసీ కావచ్చు. దానికి సర్కారు ఆసుపత్రుల్లో మందు ఫ్రీగా ఇస్తారు, త్వరగా మొదలుపెడితే పూర్తిగా నయమవుతుంది.

ఫంగస్ అని తేలితే, మందు మచ్చ మీదే కాదు, అంచు దాటి రెండు సెంటీమీటర్ల దాకా రాయాలి. దురద పోయిందని ఆపకూడదు, డాక్టర్ చెప్పిన రోజులన్నీ వాడాలి. టవల్, లుంగీ, దుప్పటి ఎవరివి వాళ్లకే. హాస్టల్లో ఉండేవాళ్లు ఈ లైన్ ఇంకోసారి వినండి. లోదుస్తులు వేడి నీళ్లలో ఉతికి, ఎండలో తిరగేసి ఆరేయండి. వానాకాలంలో ఆరకపోతే ఇస్త్రీ చేసి వేసుకోండి, తడివి వేసుకోకండి. వెల్లుల్లి నూరి కట్టడంలాంటివి వద్దు, చర్మం కాలి బొబ్బలొస్తయి. ఇంట్లో ముగ్గురికి ఉంటే ముగ్గురూ ఒకేసారి మందు మొదలుపెట్టాలి, లేకపోతే అమ్మకి తగ్గేలోపు తమ్ముడి నుంచి మళ్లీ అమ్మకి వస్తుంది. అట్లా ఇంట్లోనే తామరతంపర అవుతుంది.

వచ్చే ఎపిసోడ్‌లో ఇంకో జంట, శోభి, బొల్లి. రెండూ తెల్ల మచ్చలే అంటారు, కానీ ఒకటి ఫంగస్ వల్ల వచ్చేది, ఇంకోటి కాదు. ఉంటాను మరి, నమస్తే.