పిలిచినప్పుడు పలుకని దావా

నంద్యాలలోగాని ఆళ్లగడ్డలోగాని న్యాయస్థానపు వసారాలోనికి బంట్రోతు వచ్చి వాది ప్రతివాదుల పేళ్లను బిగ్గరగా పిలిచినప్పుడు, ప్రతివాది సిద్ధముగా నిలిచియుండి, వాది పలుకక, అతని వకీలును కానరానిచో, న్యాయాధిపతి ఆ దావాలోని న్యాయాన్యాయముల జోలికి పోకయే దానిని కొట్టివేయవచ్చును. కోర్టువారు దీనినే డిఫాల్టు డిస్మిస్ అందురు.

ఇందుకు ఆధారము 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడులోని తొమ్మిదవ ఆర్డరు. అందు సామాన్యుడు తప్పక తెలిసికొనవలసిన భేద మొకటి కలదు. ఉభయులును రానినాడు పోయిన దావాను, సమన్లకు బత్తా కట్టనందున పోయిన దావాను, కాలపరిమితి మించనంతవఱకు మఱల క్రొత్తగా వేసికొనవచ్చును. కాని ప్రతివాది వచ్చి వాది రానినాడు పోయినచో, అదే హేతువుపై క్రొత్త దావాకు వీలులేదు. తాతలనాటి పొలపు తగవైనను, ఒక్క సాక్షియు బోనెక్కకమునుపే, ఒక్కపూట గైరుహాజరుతో ముగిసిపోవచ్చునన్నమాట. రాలేకపోవుటకు తగిన కారణము చూపి, పునరుద్ధరణకై అదే కోర్టులో అర్జీ పెట్టుకొనుట యొక్కటే అప్పుడు మిగులు దారి. 1963 నాటి లిమిటేషన్ చట్టము అందుల కిచ్చిన గడువు 30 దినములు. గడువు దాటినచో ఆలస్యమును మన్నింపుమని వేఱొక అర్జీ కూడ వలయును.

ఈ నిబంధనమే అన్యాయమని నేననను. వాది తన దావాను తానే పట్టించుకొననప్పుడు, ప్రతివాదిని రుద్రవరమునుండియో చాగలమఱ్ఱినుండియో కూలి పోగొట్టుకొని ప్రతి వాయిదాకును రమ్మనుట ధర్మము కాదు. అయినను, గైరుహాజ రంతయు అలక్ష్యము కాదు. వ్యాజ్యము పై మెట్లెక్కినకొలది కక్షిదారునికి న్యాయస్థానము దూరమగును: 2022లో నంద్యాల జిల్లా యైనను, హైకోర్టు అమరావతిలో నున్నది. అక్కడ ఏ దినమున ఏ కేసు పిలుపునకు వచ్చునో ఆళ్లగడ్డ రైతుకు వకీలు చెప్పినగాని తెలియదు.

ఇట్టి కక్షిదారుని మొఱ సుప్రీంకోర్టు 1981లో ఆలకించినది. రఫీక్, మున్షీలాల్ కేసులో, వకీలు హాజరు కానందున అలహాబాదు హైకోర్టు కొట్టివేసిన అప్పీలును పునరుద్ధరించుచు, వకీలును నియమించి, ఫీజు చెల్లించి, ఆయనపై భారముంచి ఊరిలోనున్న నిర్దోషి, ఆ వకీలు చేసిన లోపమునకు బలి కారాదని న్యాయమూర్తి డి.ఏ. దేశాయి తీర్పు చెప్పిరి. ఇంతకంటె మానవీయమైన తీర్పు ఈ విషయమున నే నెఱుగను. అయితే, ఇది సర్వత్ర వర్తించు సూత్రము కాదని, నగరమందలి కంపెనీని పల్లెటూరి నిరక్షరాస్యునితో సమముగా చూడరాదని, 1993లో సలిల్ దత్తా కేసున అదే న్యాయస్థానము హెచ్చరించినది. ఆ హెచ్చరికయు సముచితమే. క్రిమినల్ అప్పీళ్ల సంగతి వేఱు: శిక్షపడినవాని అప్పీలును గైరుహాజరు కారణముగా కొట్టివేయక, గుణదోషములు విచారించియే తేల్చవలెనని 1996లో బానీసింగ్ కేసున తీర్పైనది.

కావున దావా నడుచుచున్న పాఠకులారా, మీ కేసు నంబరును, తరువాతి వాయిదాను వకీలు నడిగి వ్రాసియుంచుకొనుడు. ఈకోర్ట్స్ వెబ్‌సైటులో పదునాఱు అక్షరముల సీఎన్‌ఆర్ నంబరుతో చూచుకొనుడు, చూడలేనిచో చదువుకొన్న పిల్లలచేత చూపించుకొనుడు. వకీలును పెట్టుకొను స్తోమత లేనివారికిని, స్త్రీలకును, షెడ్యూల్డు కులములు, తెగలవారికిని 1987 నాటి చట్టము ననుసరించి న్యాయసేవా సంస్థలు ఉచితముగా వకీలు నిచ్చును. దావా పోయినదని వినిన వెంటనే కదలుడు. ఆ 30 దినముల లెక్క కొట్టివేసిన దినమునుండి మొదలగునేగాని, మీకు తెలిసిన దినమునుండి కాదు.