కారు అడుగు రేకుకు చిల్లు పడితే ఎలా అతుకుతారు?

పల్నాటి ఈపూరుకు సముద్రపు ఉప్పుగాలి తగలదు. అయినా అలాంటి ఊళ్లలోనూ పాత అంబాసిడర్ కారులో కాళ్లు పెట్టే చోట రేకు తుప్పుపట్టి చిల్లులు పడుతుంది. ఎందుకు? వానాకాలంలో చెప్పులకంటిన నల్లరేగడి బురదతో పాటు తడి లోపలికి చేరి, మ్యాటు కింద ఆరకుండా ఉండిపోతుంది. రంగు లేచిన చోట ఇనుము నీటితో, గాలిలోని ఆక్సిజన్‌తో కలిసి తుప్పవుతుంది. పైన మ్యాటు మాత్రం నిక్షేపంగా ఉంటుంది!

ఈ కార్ల తయారీ 2014లో ఆగిపోయింది. అందుకని కొత్త రేకును కొలతకు కత్తిరించి, సుత్తితో ఒంపులు దిద్ది ఇంటి దగ్గరే అతికేవారూ ఉన్నారు. ముందుగా సీట్లు తీసి, బ్యాటరీ విప్పుతారు. పెట్రోలు ట్యాంకు, గొట్టాలు దూరంగా పెట్టాల్సిందే. అంబాసిడర్‌కు విడిగా ఛాసిస్ ఉండదు, అడుగు రేకు కూడా బరువు మోస్తుంది. అందుకే బాడీ కుంగకుండా ఊతాలు పెట్టాకే, మెరిసే ఇనుము కనిపించేదాకా తుప్పును కోసేస్తారు. తుప్పు మీద వెల్డింగు నిలవదు.

ఇనుము కరగాలంటే దాదాపు 1,500 డిగ్రీల సెల్సియస్ వేడి కావాలి. వెల్డింగు మెరుపు వేడి అంతకంటే చాలా ఎక్కువ. రేకు మందమేమో సుమారు ఒక మిల్లీమీటరు. ఏకబిగిన అతుక్కుంటూ పోతే నూనెలో అప్పడంలా వంకర్లు పోతుంది, లేదా కొత్త చిల్లు పడుతుంది. కాబట్టి ఇక్కడొక చుక్క, దూరంగా ఇంకో చుక్క పెట్టి, చల్లారనిచ్చి, ఆపైన మధ్య ఖాళీలు నింపుతారు. మహా ఓపిక పని. ఆ వెలుగును నల్లద్దం లేకుండా పిల్లలే కాదు, పెద్దలూ చూడకూడదు. రాత్రికి కళ్లు మండిపోతాయి.

అతుకులను గ్రైండర్‌తో నున్నగా చేసి, సందుల్లో సీలర్ పూసి, పైనా కిందా రంగు వేస్తారు.