దారి ఇవ్వండి!

యుద్ధంలో గాయపడ్డవాళ్లనూ, ఇల్లూవాకిలీ వదిలి పారిపోయి వచ్చినవాళ్లనూ ఆదుకునే చేతులకు ఏనాడూ కొదవలేదు. ఆ చేతులకు ఎవరూ అడ్డుపడకూడదన్న కట్టుబాటు కోసమే నూట అరవై ఏళ్లుగా పోరాటం.

1971. పశ్చిమ బెంగాల్‌ సరిహద్దు పట్టణం బన్‌గావ్‌. ఆసుపత్రిలో రెండు గదుల నిండా కలరా రోగులు, నేల మీదే పడి ఉన్నారు. సెలైన్‌ ఎక్కించాలంటే వాంతులు, విరేచనాల మధ్యే మోకాళ్ల మీద కూర్చోవాలి. ఆ పని తెలిసినవాళ్లు జట్టులో ఇద్దరే. సెలైన్‌ సీసాలు అడుగంటుతున్నాయి. కలకత్తా నుంచి వచ్చిన పిల్లల వైద్యుడు దిలీప్‌ మహలనబిస్‌కు రెండు రోజుల్లోనే అర్థమైపోయింది, ఇలాగైతే ఓడిపోతామని.

సరిహద్దు దాటి వస్తున్న జనానికి అంతు లేదు. మార్చి 25 రాత్రి ఢాకాలో పాకిస్థాన్‌ సైన్యం ఊచకోత మొదలుపెట్టింది. అది మొదలు ఆ ఏడాదిలో దాదాపు కోటిమంది తూర్పు పాకిస్థాన్‌ నుంచి మన దేశానికి చేరారు. తలదాచుకునే చోటు లేక కలకత్తా సాల్ట్‌లేక్‌లో సిమెంటు గొట్టాల్లోనే కాపురాలు పెట్టినవాళ్లున్నారు. మహలనబిస్‌ పుట్టిన కిశోర్‌గంజ్‌ కూడా సరిహద్దుకు అవతలిదే.

డ్రమ్ములో ప్రాణం

కలరాలో ప్రాణం తీసేది ఒంట్లోని నీరూ ఉప్పూ పోవడం. ఉత్త నీళ్లు తాగిస్తే నిలవవు. గ్లూకోజ్‌ తోడైతే మాత్రం పేగు ఉప్పును లాక్కుంటుంది, ఉప్పు వెంట నీరూ వెళ్తుంది. ఢాకా, కలకత్తా పరిశోధకులు 1960ల్లోనే దీన్ని రోగుల్లో రుజువు చేశారు. అయితే అది వైద్యులు దగ్గరుండి చేసిన చికిత్స. శిబిరంలో రోగి బంధువుల చేతికి అప్పగిస్తే ఏమవుతుందోనన్న భయం పెద్దపెద్ద వైద్యులకే ఉండేది.

మహలనబిస్‌ అప్పగించారు. లీటరు నీటికి 22 గ్రాముల గ్లూకోజ్‌, 3.5 గ్రాముల ఉప్పు, 2.5 గ్రాముల వంటసోడా. కలకత్తాలోని తమ పరిశోధన కేంద్రంలో, గ్రంథాలయ గదిలోనే తూకాలు వేశారు. ప్లాస్టిక్‌ సంచుల్లో పోసి, వేడి ఇస్త్రీపెట్టెతో మూతులు అతికించి బన్‌గావ్‌కు తరలించారు. అక్కడ కుళాయి బిగించిన డ్రమ్ముల్లో కలిపారు. తల్లో తమ్ముడో వచ్చి గ్లాసు పట్టుకెళ్లి, పక్కన కూర్చుని గుక్కగుక్కగా తాగించేవాళ్లు. దానికి ‘నోటి సెలైన్‌’ అని పేరు పెట్టారు.

ఎనిమిది వారాల్లో దాదాపు 3,700 మందికి చికిత్స జరిగింది. అంతకుముందు నూటికి 30 మంది దాకా చనిపోతున్న చోట నాలుగుకు మించలేదు. వేసవిలో ఆశా కార్యకర్త మన చేతిలో పెట్టే ఓఆర్‌ఎస్‌ పొట్లం వెనుక ఆ డ్రమ్ములున్నాయి.

అయిదో నిబంధన

పక్కనున్నవాళ్లే ప్రాణదాతలు కావడం బన్‌గావ్‌తో మొదలైన సంగతి కాదు. 1859 జూన్‌ 24న ఉత్తర ఇటలీలోని సోల్ఫెరినో దగ్గర ఫ్రాన్స్‌, సార్డీనియా సేనలు ఒకవైపు, ఆస్ట్రియా సేన మరోవైపు తలపడ్డాయి. చనిపోయినవాళ్లు, గాయపడ్డవాళ్లు, జాడ తెలియనివాళ్లు కలిసి దాదాపు 40 వేలమంది. పక్కనే ఉన్న కాస్తిల్యోనె పట్టణంలో చర్చి క్షతగాత్రులతో నిండిపోయింది. ఊరి ఆడవాళ్లు గాయాలు కడిగారు, నీళ్లు తాగించారు. ఏ సైన్యంవాడని అడగలేదు. వ్యాపారం పని మీద అటు వచ్చిన జెనీవావాసి హెన్రీ డ్యూనాంట్‌ కూడా వాళ్లతో చేయి కలిపాడు. 1862లో ఆ అనుభవాన్ని పుస్తకంగా అచ్చు వేయించాడు. మరుసటి ఏడాది జెనీవాలో ఏర్పడ్డ అయిదుగురి కమిటీయే రెడ్‌క్రాస్‌ అయింది.

1864 ఆగస్టు 22న 12 దేశాలు తొలి జెనీవా ఒప్పందం మీద సంతకాలు చేశాయి. అందులో ఉన్నవి పది నిబంధనలు. అయిదోది క్షతగాత్రులకు సాయపడే స్థానికుల గురించి. వాళ్లను గౌరవించాలి, వాళ్ల స్వేచ్ఛకు భంగం కలగకూడదు. కాస్తిల్యోనె ఆడవాళ్లు చేసిన పనికి చట్టం కాపలా నిలబడింది.

చీకట్లో దిగిన విమానాలు

ఆ కాపలా ఎంత బలహీనమో బయాఫ్రా చూపించింది. 1967లో నైజీరియా నుంచి విడిపోయిన ఆ ప్రాంతాన్ని ప్రభుత్వ సేనలు దిగ్బంధించాయి. తిండి లేక పసిపిల్లల పొట్టలు ఉబ్బాయి, కాళ్లు నీరుపట్టాయి. ఊలీ దగ్గర రోడ్డునే రన్‌వేగా మార్చి, రాత్రి చీకట్లో విమానాల్లో తిండీ మందులూ దింపేవారు. 1969 జూన్‌ 5న రెడ్‌క్రాస్‌ విమానాన్నే కూల్చేశారు. అక్కడ పనిచేసి వచ్చిన ఫ్రెంచి వైద్యులు, కొందరు పాత్రికేయులతో కలిసి 1971లో ‘సరిహద్దులు లేని వైద్యులు’ సంస్థను స్థాపించారు. పౌరులను ఆకలితో మాడ్చి యుద్ధం గెలవడాన్ని 1977 నాటి జెనీవా అదనపు ఒప్పందం నిషేధించింది.

బయాఫ్రాలోనూ తల్లులున్నారు, వైద్యులున్నారు, ప్రాణాలకు తెగించి విమానాలు నడిపినవాళ్లున్నారు. దారి ఒక్కటే లేకపోయింది. బన్‌గావ్‌లో ఆ డ్రమ్ములు అంతమందిని కాపాడగలిగాయంటే, అంతకు ముందు మన దేశం సరిహద్దు తెరిచింది కాబట్టే. యుద్ధసాయాన్ని దయాధర్మంగా చూసినంతకాలం, అడ్డుకున్నవాణ్ని నిలదీసేవాళ్లుండరు. అది గాయపడ్డవాళ్ల హక్కు. దారి ఇవ్వడం ఆయుధం పట్టినవాడి బాధ్యత.

మహలనబిస్‌ 2022 అక్టోబరులో కన్నుమూశారు. మరుసటి ఏడాది దేశం ఆయనకు పద్మవిభూషణ్‌ ప్రకటించింది. ఈసారి ఓఆర్‌ఎస్‌ పొట్లం చింపి నీళ్లలో కలిపేటప్పుడు, ఇదే పొట్లం ఏ సరిహద్దు దగ్గరైనా లారీలో ఆగిపోయి ఉందేమో ఆలోచించండి. అవతల ఒక తల్లి గ్లాసు పట్టుకుని ఎదురుచూస్తుంటుంది.