దత్తమండలాల్లో కావలి వ్యవస్థ: అనంతపురం ప్రాంత పరిశీలన

కీలకపదాలు: కావలి, తలారి, పాలెగాడు, మేర, దత్తమండలాలు.

1. ఉపోద్ఘాతం

బుంతారో ఫుతగావా దర్శకత్వంలో వచ్చిన జపాన్ మూకీ చిత్రం ‘ఒరోచి’ (1925) ఫ్యూడల్ కాలపు సమురాయ్ కథ. లోకం దుర్మార్గుడని ముద్రవేసిన వ్యక్తి చివరకు రక్షకభటులకు చిక్కుతాడు. ఆనాటి ఎదో నగరంలో అధికారులకు తోడ్పడిన ‘ఒకప్పికి’లలో పలువురు పూర్వం నేరాలు చేసినవారే. రక్షకుడికీ నేరస్థుడికీ నడుమ గీత ఇంత పలుచనైన సందర్భం రాయలసీమ చరిత్రలోనూ ఉంది.

2. కావలి స్వరూపం

గ్రామంలో తలారి పొలిమేరను, పంటను కాచేవాడు. కొత్తవారి రాకపోకలను గమనించేవాడు. అడుగుజాడలను బట్టి దొంగను వెదికేవాడు. ఇనాం భూమి, కళ్లంలో ధాన్యపు మేర అతని ప్రతిఫలం. పోయిన సొత్తు దొరకకపోతే నష్టాన్ని భరించవలసిన బాధ్యత కావలిదారులదే. జాడ పొరుగూరి పొలిమేర దాటినట్లు చూపితే ఆ బాధ్యత అక్కడి కావలిపై పడేది. గ్రామాలపై ఆధిపత్యం గల పాలెగాళ్లు కావలి రుసుము వసూలు చేస్తూనే, దాడులకూ దిగేవారు.

3. కంపెనీ పాలనలో మార్పు

1800లో నిజాం ఈ ప్రాంతాన్ని ఈస్టిండియా కంపెనీకి అప్పగించాడు. అనంతపురం కేంద్రంగా 1807 వరకు ప్రధాన కలెక్టరుగా ఉన్న థామస్ మన్రో, సుమారు 80 మంది పాలెగాళ్ల సాయుధ బలాన్ని అణచివేశాడు. అయితే గ్రామ కావలిని ఆయన తోసిపుచ్చలేదు. ఆయన సిఫారసులతో రూపొందిన 1816 నాటి 11వ రెగ్యులేషన్ గ్రామపెద్ద, కరణం, తలారులను తహశీల్దారు, కలెక్టరుల అధీనంలో పోలీసు విధులకు నియోగించింది. 1859 నాటి 24వ చట్టంతో ప్రత్యేక పోలీసు శాఖ ఏర్పడింది.

4. వైరుధ్యం

పాలెగాళ్ల పతనంతో వారి బంట్లు జీవిక కోల్పోయారు. వర్షాధారమైన ఈ పీఠభూమిలో కళ్లం ఎండితే తలారికి మేర కూడా దక్కదు. 1876–78 కరువులో మద్రాసు రాజధానిలో ధాన్యపు దోపిడీలు పెరిగాయి. 1911 నాటి నేరస్థ జాతుల చట్టం ఆ రాజధానికి వర్తించాక, తమిళ ప్రాంతంలో కావలి వృత్తిగా గల కళ్లర్లలో ఒక వర్గం సైతం ఆ జాబితాలో చేరింది. 1952లో ఆ చట్టం దేశవ్యాప్తంగా రద్దయింది.

5. ముగింపు

కావలిలో బాధ్యత, ప్రతిఫలం పరస్పరం ముడిపడి ఉండేవి. కొత్త పాలన బాధ్యతను నిలిపి, ఆధారాన్ని బలహీనపరచింది. కనుక కరువు సీమలో నేరచరిత్రను వ్యక్తుల, కులాల స్వభావంతో కాక, జీవికను కోల్పోయిన రక్షకుల చరిత్రతో కలిపి చదవడం సముచితం.