కంప్యూటరులోని ఉమ్మడి గ్రంథాలయము

ఒక యింట నలుగురు పిల్లలు చదువుకొనుచున్నచో నలుగురికిని నాలుగు నిఘంటువులు కొను తండ్రి యరుదు. వసారాలోని బల్లమీద నొక నిఘంటువుండును. కావలసినవారు వచ్చి చూచుకొని పోవుదురు. కంప్యూటరులో గూడ నిట్టి యేర్పాటే కలదు. దానిని షేర్డు లైబ్రరీ యందురు. మేమిచ్చట ఉమ్మడి గ్రంథాలయమని పేర్కొందుము. విండోసు యంత్రములలో డి. ఎల్. ఎల్. అనియు, లినక్సు యంత్రములలో ఎస్. ఓ. అనియు కొసపేరు గల ఫైళ్లు ఇవియే. యంత్రములో చోటు చాలనప్పుడు కొందరు బాలురు వీనిని పనికిరాని చెత్తగా నెంచి తుడిచివేయుదురు. ఇవి చేయు పని తెలిసినచో నట్లు చేయరు.

గ్రంథాలయమను మాట వట్టి పోలిక కాదు. ఇంగ్లండులోని కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయమున 1949వ సంవత్సరము మే నెలలో ఎడ్సాక్ అను యంత్రము పని మొదలిడెను. దానిని నిర్మించిన మారిస్ విల్క్స్ గారును, డేవిడ్ వీలర్ మున్నగు సహచరులును, మాటిమాటికి వచ్చు లెక్కలకు వలయు ఆదేశములను రంధ్రములు పొడిచిన కాగితపు పట్టీలమీద సిద్ధపరచి బీరువాలో భద్రపరచిరి. కావలసినవాడు ఆ పట్టీకి తన పట్టీలో ప్రతి యెత్తుకొనెడివాడు. శ్రమ తప్పినది, గాని పదుగురు వాడినచో పది ప్రతులు కావలసెను. మూలము నొక్కచోటనే యుంచి, ప్రోగ్రాము నడచునప్పుడే దానితో ముడివేయు పద్ధతి 1960 తరువాతి దశకమున అమెరికాలోని మల్టిక్సు వ్యవస్థలో రూపొందెను.

ఆ ముడి యెట్లు పడునో చూతము. ప్రోగ్రాము తనకు వలయు గ్రంథాలయముల పేర్లను మాత్రమే చెప్పును. లోడరు అను సహాయకుడు ఆ ఫైళ్లను వెదకి తెచ్చును. లినక్సులో ప్రతిసారియు అరలన్నియు గాలింప నక్కరలేకుండ, ఏ ఫైలు ఎచ్చట నున్నదో తెలుపు పట్టిక యొకటి ముందుగనే వ్రాసి యుంచబడును. ఫైలుండునది డిస్కుమీద, అది నడువవలెనన్న మెమొరీలోనికి రావలయును. అయినను మొత్తము ఒక్కసారి రాదు. పుటకు సాధారణముగా 4,096 బైట్ల చొప్పున, అవసరమైన పుటలు మాత్రమే వచ్చును. రెండవ ప్రోగ్రాము అదే పుటను కోరినచో, వ్యవస్థ క్రొత్త ప్రతి తీయక యున్న పుటనే దానికిని చూపును. 2 మెగాబైట్ల గ్రంథాలయమును నూరు ప్రోగ్రాములు వేర్వేరుగా నుంచుకొన్నచో 200 మెగాబైట్లు పట్టును. ఉమ్మడిగా నైనచో 2 మెగాబైట్లతోను మరికొంత చిల్లరతోను సరిపోవును. ఆదేశముల పుటలను చదువవచ్చును గాని దిద్దరాదు. మార్చదగిన పుటమీద నెవరైన వ్రాయబోయినచో, ఆ పుటకు మాత్రము వేరు ప్రతి తీసి వారి కిచ్చును. కావున నొకరి వ్రాత మరియొకరి లెక్కను చెరుపదు.

మెంతులు, ఆవాలు అటకమీది జాడీలలో నుండును. గుప్పెడు మాత్రము పొయ్యిప్రక్కన పోపులపెట్టెలో నుండును. తాలింపు వేయు నిల్లాలు ప్రతిపర్యాయము అటక యెక్కదు. కంప్యూటరునకు గల పోపులపెట్టెయే క్యాష్. ఇది నగదునకు చెందిన మాట కాదు. దాచుట యను నర్థముగల ఫ్రెంచి మాటనుండి వచ్చినది. పెద్ద మెమొరీ ప్రక్కన చిన్నదియు మిక్కిలి వడిగలదియు నగు మెమొరీ నుంచవలెనని 1965లో వ్యాసము ప్రకటించినవారును ఆ విల్క్స్ గారే. నేటి ప్రాసెసరులోని క్యాష్ ఇట్టిదే. ఇదిగాక వ్యవస్థ, ప్రోగ్రాము ముగిసిన పిదప గూడ, ఆ చోటు ఇతరులకు కావలసివచ్చు వరకు గ్రంథాలయపు పుటలను మెమొరీలోనే నిలిపియుంచును. అందుచేతనే యొకసారి తెరచిన ప్రోగ్రాము రెండవసారి త్వరగా తెరచుకొనును. పదుగురు తాకు ఉమ్మడి పుటలు ఇట్లు తరచుగా చేతికందు దూరముననే యుండును.

అయితే ఉమ్మడి బావిలో మురుగు చేరినచో ఊరంతయు బాధపడవలసినదే. ఓపెన్ ఎస్. ఎస్. ఎల్. అను గ్రంథాలయము, ఇంటర్నెట్టుపై నడచు రహస్యసంభాషణలను కాపాడునది. 1912 కాదు, మన కాలముననే, 2012లో వెలువడిన దాని కూర్పులో నొక దోషము చొచ్చెను. ఒక యంత్రము మరియొకదానిని "నీవున్నావా? ఉన్నచో నేను పంపిన యీ మాటను, ఇన్ని యక్షరముల మేర, తిరిగి పంపుము" అని యడుగుట కలదు. చెప్పిన సంఖ్యయు పంపిన మాటయు సరిపోవునా యని గ్రంథాలయము చూడదయ్యెను. సంఖ్యను హెచ్చుగా చెప్పిన మోసగానికి, మెమొరీలో ప్రక్కనున్నదంతయు, పర్యాయమునకు 64 కిలోబైట్ల వరకు, అప్పగించెడిది. అందు సంకేతపదములును తాళపుచెవులును ఉండవచ్చును. గూగులు సంస్థకు చెందిన నీల్ మెహతాయు, ఫిన్లండులోని కోడెనోమికాన్ సంస్థవారును దీనిని వేర్వేరుగా కనుగొనిరి. 2014 ఏప్రిలు 7వ తేదీన నిది లోకమునకు వెల్లడియయ్యెను. హార్ట్‌బ్లీడ్ అని దానికి పేరు. కెనడా దేశపు పన్నుల శాఖలో సుమారు 900 మంది గుర్తింపుసంఖ్యలు దీనివలన దొంగిలింపబడెను.

చికిత్స గూడ నీ యేర్పాటులోనే యున్నది. ఒక్క ఫైలును మార్చినచో దానిపై నాధారపడిన ప్రోగ్రాములన్నియు బాగుపడును. కేంబ్రిడ్జివారివలె ప్రతి యెత్తుకొన్నవానిని మాత్ర మొక్కొక్కటిగా దిద్దవలయును. ఒక జాగ్రత్త కలదు: అప్పటికే నడచుచున్న ప్రోగ్రాము పాత పుటలనే పట్టుకొని యుండును, దానిని నిలిపి మరల నారంభించినగాని క్రొత్తవి చేరవు. యంత్రమును దిద్దుబాటు చేసినపిదప "మరల ప్రారంభింపుము" అని అది యడుగుట తరచుగా నిందుకొరకే. రేపు చేయుదమని దాటవేయరాదు.

లక్షల యంత్రములు నమ్ముకొన్న ఆ గ్రంథాలయమును కనిపెట్టుకొని యున్నవారు నాడు కొలదిమందియే. ఆ సంగతి తెలిసిన పిమ్మటనే, అదే 2014 ఏప్రిలులో, లినక్సు ఫౌండేషను ఆధ్వర్యమున పెద్ద కంపెనీలు కొన్ని ధనసహాయమునకు పూనుకొనెను. అందరిదైన వస్తువును ఎవరిదియు కాదనుకొనుట సులభము. బాలబాలికలారా, మీలో కొందరు రేపు ప్రోగ్రాములు వ్రాయుదురు. ఇతరులు చేసియుంచిన గ్రంథాలయమును వాడుకొనుడు. అందలి తప్పు మీ కంటబడినచో చూచి యూరకుండక దానిని కాపాడువారికి తెలుపుడు.