చలిరాత్రులందు పొలము కావలివారు ధరింపవలసిన బట్టలు

కార్తికము మొదలు మాఘము వరకు యాసంగి జొన్నకును శనగకును కావలియుండుట, రాత్రివేళ నీరు కట్టుట పెక్కురు సేద్యగాండ్రకు తప్పని పని. ఆదిలాబాదు, మెదకు ప్రాంతములలో ఈ దినములందు వేకువజామున చలి 10 డిగ్రీల సెంటీగ్రేడుకు దిగువకు సైతము దిగుచుండును. పగలు యెండ బాగుగా కాయుటచే, పగటి బట్టతోనే పొలమునకు పోవువారు మోసపోవుదురు.

మనుష్యుని శరీరపు లోపలి వేడిమి సుమారు 37 డిగ్రీలు. బట్ట స్వయముగా వేడిని పుట్టింపదు. శరీరమున పుట్టిన వేడిని పోనీయక నిలుపును. అట్లు నిలుపునది ముఖ్యముగా పోగుల నడుమ కదలక యున్న గాలియే. కావుననే ఒక్క దళసరి బట్టకంటె, ఒకదానిపై నొకటి వదులుగా వేసిన రెండు పలుచని బట్టలు తరచుగా హెచ్చు వెచ్చన నిచ్చును.

ఈ గాలి స్థానమున నీరు చేరెనా, ఆ బట్టయే శత్రువగును. నీరు గాలికంటె ఇరువది రెట్లకు పైగా వేడిని లాగికొనును. అదిగాక చెమట యారునపుడు గ్రామునకు సుమారు 580 కేలరీల వేడి పోవును. వేసవి మధ్యాహ్నమున ప్రాణము నిలుపు నీ యేర్పాటే చలిరాత్రి హాని చేయును. సాయంకాలము పారతో కాలువ త్రవ్వి, చెమటతో తడిసిన నూలుచొక్కాతోనే మంచె యెక్కినవానికి అర్ధరాత్రివేళ వణకు పుట్టుటకు కారణ మిదియే. గాలి సోకినదనుట వట్టిమాట.

దీనికి విరుగుడు సులభము. పని మొదలిడకముందే పైబట్ట తీసి పొడిచోట నుంచవలెను. మొదట కొంచెము చలి వేసినను మేలే. పనిలో దేహము తానే వేడెక్కును. పని ముగియగానే, ఒడలు చల్లారకముందే, తడిచొక్కా విడిచి, తుడిచికొని, మూటలోని పొడిచొక్కా తొడిగి, ఆపైన గొంగడి కప్పుకొనవలెను. ఆ రెండవ చొక్కా తెచ్చుకొనుటకు బద్ధకించువారే హెచ్చు.

దక్కను గొఱ్ఱెల యున్నితో కురుమలు నేయు గొంగడి యీ పనికి చక్కగా నమరినది. ఉన్ని తన బరువులో నూటికి 30 పాళ్ల వరకు చెమ్మను పీల్చియు చేతికి పొడిగానే తోచును. పీల్చునపుడు కొంచెము వేడిని విడుచును గూడ. పోగు మెలిపడియుండుటచే తడిసినను బొత్తిగా అణగిపోదు. నూలుదుప్పటి యట్లు కాదు, తడిసినతోడనే ఒంటి కంటుకొనును. నేతగాండ్రు పెట్టు చింతగింజల గంజిచే గొంగడి బిరుసెక్కును. గ్రుచ్చుకొనుననువారికి లోపలి పొడిచొక్కాయే చాలును. తలకు రుమాలు చెవులు మూయునట్లు చుట్టవలెను. నీరు కట్టువాని పాదములు తడువక తప్పదు గాన, ఒడ్డు చేరగానే తుడిచికొని యెండుగడ్డిలో నుంచుకొనవలెను.

కల్లుగాని సారాగాని వెచ్చదన మిచ్చునను నమ్మకము ప్రమాదకరము. చర్మమునందలి రక్తనాళములు విప్పారుటచే వెచ్చగా తోచును గాని లోపలి వేడి బయటకు పోవును. తలుపు మూసిన గుడిసెలో నిప్పుల కుంపటి పెట్టుకొని నిద్రించుట మఱింత చెడ్డది. వాసనలేని విషవాయువుచే నిద్రలోనే ప్రాణము పోవచ్చును.

వణకుచున్నవాడు వణకు మాని, మాట తడబడి, మత్తుగా తూగినయెడల చలి తీఱినదని తలపరాదు. లోపలి వేడిమి మిక్కిలి తగ్గినదనుటకు అది గుర్తు. వానిని మెల్లగా ఇంటిలోనికి చేర్చి, తడిబట్ట విప్పి, పొడిగొంగళ్లలో చుట్టి, తెలివియున్నచో వెచ్చని తీపి పానీయ మిచ్చి, జాగుసేయక వైద్యుని యొద్దకు కొనిపోవలెను. కాలుసేతులు గట్టిగా రుద్దరాదు. మంటకు దగ్గఱగా నుంచరాదు.

గొంగడిని వేడినీట నుతికినచో ఉన్ని ముడుచుకొని గట్టిపడును. తెల్లవారిన పిమ్మట మంచుచెమ్మ ఆరునట్లు గట్టుపై పఱచి, దులిపి, మడిచి తీసికొనిపోవలెను.