బురుజు అంటే ఏంది?

మన చండ్రుగొండ నుంచి ఖమ్మం పోయే వాళ్ళు చాలామంది. 2016లో జిల్లాలు విడగొట్టాక మనం భద్రాద్రి కొత్తగూడెం జిల్లాలోకి వచ్చాం. అయినా ఖమ్మం రాకపోకలు ఆగలేదు. మిరపకాయలు అమ్మాలన్నా, పెళ్ళి బట్టలు కొనాలన్నా అక్కడికి పోతూనే ఉన్నాం. అక్కడ గుట్ట మీద ఖిల్లా ఉంది. అది కనపడేసరికి బస్సులో పిల్లలు కిటికీల దగ్గరికి చేరతారు.

ఒకసారి ఒక పిల్ల వాళ్ళ తాతని అడిగింది.

"తాతా, ఆ గోడ మూల చూడు. లావుగా, గుండ్రంగా, గాదె లాగా ఉంది. అది ఏంది?"

"అది బురుజే అమ్మా."

"బురుజు అంటే?"

తాత కొంచెం సేపు ఆలోచించాడు. "మన చేలో మంచె ఉంటది గదా. అట్లాంటిదే. కాకపోతే అది రాజుల మంచె."

తాత చెప్పింది చాలావరకు నిజం. జొన్న చేలో మంచె ఎందుకు వేస్తాం? నేల మీద నిలబడితే చేను చివర కనపడదు. ఎత్తు మీద కూర్చుంటే చిలకల గుంపు వచ్చినా కనపడుతుంది, అడవి పంది వచ్చినా కనపడుతుంది. అక్కడి నుంచే వడిసెల తిప్పి రాయి విసరొచ్చు. బురుజు పని కూడా ఇదే. దూరం నుంచి చూడాలి. పైనుంచి కొట్టాలి. మంచె కర్రలతో కడతాం, పంట చేతికొచ్చాక విప్పేస్తాం. బురుజుని రాతితోనో మట్టితోనో కట్టారు. కట్టిన వాళ్ళు పోయి వందల ఏళ్ళయినా అది నిలబడి ఉంది.

ఇప్పుడు ఆ మాట సంగతి చూద్దాం. బురుజు అనే మాట మన తెలుగులో పుట్టలేదు. అది అరబ్బీ మాట. అరబ్బీలో దాన్ని 'బుర్జ్' అంటారు. కోట గోడ మీద ఉండే ఎత్తయిన కట్టడం అని అర్థం. అరబ్బులకు కూడా అది అంతకు ముందున్న గ్రీకు భాష నుంచి వచ్చిందని పండితులు చెబుతారు. గ్రీకులో ఆ మాట 'పిర్గోస్'. అంటే ఈ మాట మన దగ్గరికి వచ్చేసరికి మూడు నాలుగు దేశాలు తిరిగి వచ్చింది.

అరబ్బీ మాట ఫారసీలోకి పోయింది. గోల్కొండ ఏలిన కుతుబ్‌షాహీల దర్బారులో ఫారసీ నడిచింది. ఆ తర్వాత నిజాం కచేరీల్లో కూడా 1880ల దాకా అదే భాష. కాగితం అంతా ఫారసీ, పొలం దున్నేవాడి నోట్లో తెలుగు. అమీను వచ్చి ఒక మాట అంటాడు, రైతు దాన్ని తన నోటికి తగ్గట్టు తిప్పుకుంటాడు. 'హుక్మ్' అనే మాట 'హుకుం' అయింది. 'జుల్మ్' అనే మాట 'జులుం' అయింది. 'బుర్జ్' అనేది 'బురుజు' అయింది. రెండు హల్లులు పక్కపక్కన ఇరుక్కుని ఉంటే మన నోరు ఊరుకోదు, మధ్యలో ఒక 'ఉ' దూర్చి ఖాళీ చేస్తుంది. ఖిల్లా, మహలు, జిల్లా, తాలూకా, ఇవన్నీ అరబ్బీ నుంచి వచ్చినవే. రోజూ అంటున్నాం. పరాయి మాటలని మనకు అనిపించదు.

మరి ఆ మాట రాక ముందు మన వాళ్ళు కోటలు కట్టలేదా? కట్టారు. బురుజుకి పాత తెలుగు మాట 'కొత్తళం'. 'కోట కొత్తళాలు' అని కథల్లో వినే ఉంటారు. కట్టడం మన దగ్గర ముందే ఉంది. ఫిరంగుల కాలంలో కొత్త పేరు నిలబడింది, పాత పేరు పుస్తకాల్లోకి పోయింది.

మీనారు వేరు, బురుజు వేరు. మీనారు సన్నగా పైకి పోతుంది, చార్మినారుకి ఉన్నట్టు. బురుజు లావుగా, కింద వెడల్పుగా, పైకి పోయేకొద్దీ కొంచెం సన్నబడుతూ ఉంటుంది.

బురుజు ఎందుకు గుండ్రంగా ఉంటుంది? ఇది తెలుసుకోవలసిన సంగతి. నాలుగు పలకల గోడకి మూల ఉంటుంది. ఫిరంగి గుండు సరిగ్గా ఆ మూలకి తగిలితే రాళ్ళు ఊడి వస్తాయి. ఒక మూల ఊడితే రెండు గోడలు బలహీనపడతాయి. గుండ్రటి గోడకి మూల లేదు. గుండు చాలాసార్లు పక్కకి జారిపోతుంది. అదీగాక బురుజు గోడ కంటే బయటికి పొడుచుకు వచ్చి ఉంటుంది. దీంట్లోనే తెలివి ఉంది. శత్రువు నిచ్చెన వేసుకుని గోడకి ఆనుకుని నిలబడ్డాడనుకోండి. గోడ మీద ఉన్నవాడు తల బాగా బయటికి వంచితే తప్ప వాడు కనపడడు. తల వంచితే బాణం తగులుతుంది. అదే బురుజులో ఉన్నవాడికి గోడ పొడుగునా పక్క నుంచి కనపడుతుంది. ఈ బురుజు మీద ఉన్నవాడు ఆ బురుజు దాకా కాపాడతాడు, ఆ బురుజు మీద ఉన్నవాడు ఈ బురుజు దాకా కాపాడతాడు. అందుకే ఒక్క బురుజుతో కోట ఉండదు. వరసగా ఉంటాయి.

గోల్కొండ కోట బయటి గోడకి 87 బురుజులు ఉన్నాయి. వాటిల్లో ఒకదాని పేరు మూసా బురుజు. 1656లో ఔరంగజేబు ఇంకా చక్రవర్తి కాని రోజుల్లో గోల్కొండని ముట్టడించాడు. ఆ ముట్టడి తప్పిపోయాక, గోడ ఎక్కడ బలహీనంగా ఉందో సుల్తాను అబ్దుల్లా కుతుబ్‌షా చూసుకున్నాడు. సేనాని మూసా ఖాన్‌కి కొత్త బురుజు కట్టే పని అప్పజెప్పాడు. దగ్గరుండి కట్టించిన వాడి పేరు అక్కడి శాసనంలో ఉంది. ధర్మాచారి. మాట అరబ్బీది, సుల్తాను తురక, సేనాని పేరు మూసా ఖాన్, పని చేయించినవాడు ధర్మాచారి. రాళ్ళు మోసిన వాళ్ళ పేర్లు మాత్రం శాసనంలో లేవు.

అదే కోటలో ఇంకొకటి పేట్ల బురుజు. పొట్ట ముందుకు వచ్చినట్టు ఉంటుందని ఆ పేరు. హైదరాబాదు పాతబస్తీలో కూడా పేట్లబురుజు అనే పేట ఉంది. అక్కడ పెద్ద ప్రభుత్వ ప్రసూతి ఆసుపత్రి ఉంది. "మా కోడల్ని పేట్లబురుజుకి తీసుకుపోయాం" అంటే కాన్పుకి తీసుకుపోయారని అర్థం. పొట్ట బురుజు పేరు కాన్పుల ఆసుపత్రికి రావటం ఎవరూ అనుకుని చేసింది కాదు గానీ, భలే కుదిరింది.

కర్నూలులో కొండారెడ్డి బురుజు ఉంది. సినిమాల్లో చూసే ఉంటారు. విజయనగర రాజు అచ్యుతరాయల కాలపు కోటలో మిగిలిన ముక్క అది. ఆలంపురం ఏలిన కొండారెడ్డిని తర్వాత కాలంలో అందులో బంధించారని, అందుకే ఆ పేరు వచ్చిందని చెబుతారు. కట్టించిన రాజు పేరు జనం మరిచిపోయారు. ఖైదీ పేరు నిలిచింది.

అరబ్బీలో ఈ మాటకి ఇంకో అర్థం కూడా ఉంది. మనం మేషం, వృషభం, మిథునం అని 12 రాశులు చెప్పుకుంటాం గదా. ఆ రాశిని కూడా అరబ్బులు బుర్జ్ అనే అంటారు. సూర్యుడు ఏడాది పొడుగునా తిరిగే 12 బురుజులు అన్నమాట. మనం ఇళ్ళు అన్నాం, వాళ్ళు బురుజులు అన్నారు. ఖురానులో 85వ సూరా పేరు కూడా 'అల్ బురూజ్'. అక్కడ మాట ఆకాశం గురించే.

ఈ కాలంలో ఆ మాట అందరికీ మళ్ళీ తెలిసింది దుబాయి వల్ల. అక్కడ 2010 జనవరి 4న బుర్జ్ ఖలీఫా అనే భవనం తెరిచారు. దాని ఎత్తు 828 మీటర్లు. ముప్పావు కిలోమీటరు పైనే. ఖలీఫా అనేది అప్పటి ఆ దేశాధ్యక్షుడి పేరు. కరీంనగర్, నిజామాబాద్ వైపు నుంచి వేలమంది గల్ఫు పనులకి పోయారు, ఇంకా పోతున్నారు. వాళ్ళు ఫోన్లో "బుర్జ్ కాడ ఉన్నా" అంటే ఇంట్లో ముసలమ్మకి వేరే అర్థం చెప్పక్కర్లేదు. ఊళ్ళో బురుజు చూసింది, దుబాయిలోది ఇంకా పెద్దది అనుకుంటుంది. దుబాయి బుర్జ్‌లో ఫిరంగి లేదు. అద్దాల గదులు, దుకాణాలు ఉన్నాయి. అయినా పేరు పాతదే.

ఊళ్ళో బురుజు అన్నాం. తెలంగాణ పల్లెల్లో చాలాచోట్ల ఊరి నడుమ ఒంటరిగా ఒక బురుజు కనపడుతుంది. దానికి కోట లేదు, రాజు లేడు. కింద రాయి, పైన మట్టి. కొన్ని దొర గడీకి ఆనుకుని ఉంటాయి. కొన్ని ఊరి కోసం కట్టినవి. దోపిడీ దండులు తిరిగే రోజుల్లో పైన ఒకడు కాపలా ఉండేవాడు. దుమ్ము లేచిందంటే కేక వేసేవాడు.

ఆ కాపలా రోజులు మరీ పాతవి కావు. 1948 నాటి సంగతి చెబుతాను. ఇప్పటి సిద్దిపేట జిల్లాలో బైరాన్‌పల్లి అనే ఊరు ఉంది. అప్పుడు నిజాం రాజ్యం. ఖాసిం రజ్వీ నడిపిన రజాకార్లు పల్లెల మీద పడి దోచుకునేవారు, ఇళ్ళు తగలబెట్టేవారు. బైరాన్‌పల్లి వాళ్ళు లొంగలేదు. ఊరి నడుమ ఉన్న పాత బురుజుని తమ మంచె చేసుకున్నారు. పైన మందుగుండు పెట్టుకున్నారు. వంతులు వేసుకుని కాపలా కాశారు. రజాకార్లు వచ్చారు, బురుజు మీది నుంచి వచ్చిన దెబ్బలకి వెనక్కి పోయారు. ఒక్కసారి కాదు.

1948 ఆగస్టు 27న మళ్ళీ వచ్చారు. ఈసారి నిజాం పోలీసు, సైన్యం తోడుగా వచ్చాయి. ఫిరంగులు తెచ్చారు. బురుజు మీదికే పేల్చారు. వడిసెలలు, నాటు తుపాకులు ఎంతసేపు ఆగుతాయి? పైన ఉన్నవాళ్ళు చనిపోయారు. తర్వాత ఊళ్ళోకి చొరబడి దొరికినవాళ్ళని దొరికినట్టు చంపారు. ఆ ఒక్కరోజు చనిపోయిన వాళ్ళు 90 మందికి పైగానే. ఆడవాళ్ళ మీద అత్యాచారాలు చేశారు. సరిగ్గా మూడు వారాలకి, సెప్టెంబరు 17న నిజాం భారత సైన్యానికి లొంగిపోయాడు.

బైరాన్‌పల్లి బురుజు ఇప్పటికీ ఉంది. పక్కన చనిపోయిన వాళ్ళ పేర్లతో స్తూపం ఉంది. ఆ ఊరి వాళ్ళకి బురుజు అంటే అర్థం చెప్పటానికి ఏ నిఘంటువూ అక్కర్లేదు.

మిగతా ఊళ్ళలో బురుజుల గతి అంత బాగా లేదు. వానకి మట్టి కరుగుతోంది. ఇల్లు కట్టుకునేవాళ్ళు కింది రాళ్ళు పీక్కుపోతున్నారు. వీటన్నిటికంటే పెద్ద పీడ గుప్తనిధుల పిచ్చి. బురుజు కింద బంగారం ఉందని ఎవడో చెబుతాడు. అమావాస్య రాత్రి కోడిని కోసి, నిమ్మకాయలు పెట్టి తవ్వుతారు. తెల్లారేసరికి బురుజుకి పెద్ద బొక్క, ఊరికి భయం.

లోపల ఏం ఉంటుందో చెబుతాను వినండి. మట్టి ఉంటుంది. ఫిరంగి గుండు తగిలితే బోలుగా ఉన్న గోడ పగిలిపోతుంది. మట్టి దట్టించిన గోడ ఆ దెబ్బని మింగేస్తుంది. అందుకని చాలా బురుజులకి నడుమ మట్టి, రాళ్ళ ముక్కలు కూరి కొట్టారు. దాచుకోవటానికి కట్టింది కాదు అది, చూడటానికి, కొట్టటానికి కట్టింది. ధనం ఉన్న దొర దాన్ని తను పడుకునే గదికి దగ్గరగా దాచుకుంటాడు గానీ ఊరంతా ఎక్కి దిగే చోట ఎందుకు దాస్తాడు?

ఒకవేళ నేల తవ్వుతుంటే నిజంగానే ఏదైనా దొరికిందనుకోండి. దానికి చట్టం ఉంది. నిధి దొరికితే కలెక్టరుకి తెలపాలి. తెలపకుండా దాచుకుంటే జైలు పడొచ్చు. పొలం దున్నుతుంటే దొరికినా ఇదే చట్టం. తెలపటం కష్టమేమీ కాదు. కలెక్టరు ఆఫీసులో కాగితం ఇచ్చి, ఇచ్చినట్టు రశీదు తీసుకోవాలి. మనకి రాయటం వచ్చాక ఆ కాగితం ఇంకొకరి చేత రాయించుకునే పని కూడా లేదు.

మట్టి బురుజు ఉన్న ఊరి చుట్టాల ఇంటికి పోతే ఒకసారి పైకి చూడండి. పగుల్లో రావి మొలక కనపడుతుంది. పిట్ట వేసిన గింజ అది. వాన కంటే ముందు బురుజుని తినేది ఆ మొలకే. చిన్నగా ఉన్నప్పుడు చేత్తో పీకితే వచ్చేస్తుంది. నాలుగేళ్ళు ఊరుకుంటే వేరు గోడ లోపలికంటా పోతుంది. అప్పుడు పీకితే చెట్టుతో పాటు గోడ కూడా ఊడి వస్తుంది.